ఇంటి అప్పు ఏ వయస్సు వరకు?

ఖర్కాయి నది వంతెన దాటి, ఆదిత్యపూర్ కర్మాగారముల నడుమనుండి కాండ్రా వైపు సాగు రహదారిని పట్టుకొని గమ్హరియా చేరువానికి, పొగగొట్టములతోబాటు కంటబడునవి సగము లేచిన గోడలు, సెంట్రింగు విప్పని స్లాబులు, ఇంకను సున్నము ఎఱుగని ఇండ్లు. జంషెడ్‌పూర్ నగరభూమి చాలవఱకు టాటా కంపెనీ కౌలునకు లోబడినదగుటచేత, సొంత ఇల్లు కోరువారు సువర్ణరేఖ దాటి మాంగో వైపునకో, ఖర్కాయి దాటి ఇటు వైపునకో పోవలసినవారే. ఇట్లు లేచిన ఇండ్లలో అనేకము బాంకులకు తనఖా పడియున్నవి. ఆ గృహస్థులను నెలవాయిదా ఎంత యని అడిగిన తడుముకొనక చెప్పుదురు. మొత్తము ఎంత కట్టవలెను, అది తమకు ఏ వయస్సు వచ్చునాటికి తీరును అని అడిగిన చెప్పగలవారు అరుదు. ఇంటి అప్పునకు ఈ రెండవ ప్రశ్నయే ప్రాణమనియు, బాంకు బల్ల యెదుట కూర్చున్ననాడు దానినే ముందుగా అడుగవలెననియు నా దృఢాభిప్రాయము.

ఇచ్చటి తెలుగు కుటుంబముల విషయమున ఈ ప్రశ్న మఱింత బరువైనది. 1907లో టాటా ఉక్కు కంపెనీ స్థాపితమైన పిమ్మట, సాక్చీ గ్రామము 1919లో జంషెడ్‌పూర్ అను పేరు దాల్చిన కాలము మొదలుకొని, విశాఖపట్టణము, శ్రీకాకుళము, గంజాము ప్రాంతములనుండి బెంగాల్ నాగపూర్ రైలుమార్గమున వచ్చి, బిష్టుపూర్‌లో రామమందిరము నెలకొల్పుకొని, కొలిమి యెదుట తరములు గడపిన ఈ జనమునకు కంపెనీ క్వార్టరు గొప్ప ఆసరా యైనది. ఇంటి చింత లేకపోవుటచేతనే వారు బిడ్డలకు చదువులు చెప్పించిరి, పెండ్లిండ్లు చేసిరి, ఊరిలోని తల్లిదండ్రులకు నెలనెల డబ్బు పంపిరి. కాని ఆ క్వార్టరు ఉద్యోగముతో వచ్చి ఉద్యోగముతోనే పోవునది. పదవీవిరమణ కనుచూపు మేరకు వచ్చినపుడుగాని సొంత ఇంటి ఆలోచన పుట్టదు. అప్పటికి యజమానికి నలువదియైదేండ్లు. అనగా ఇతర పట్టణములలో ముప్పదవయేట ఎత్తుకొనెడి అప్పును ఇచ్చటివారు, జీతము వచ్చెడి కాలము పదునైదేండ్లు మాత్రమే మిగిలియున్నపుడు ఎత్తుకొనుచున్నారు.

ఒక లెక్క చూతము. ఇంటి వెల ముప్పది లక్షలు. బాంకు ఇచ్చిన అప్పు 25 లక్షలు. వడ్డీ నూటికి 8.5, గడువు 20 సంవత్సరములు. నెలవాయిదా 21,696 రూపాయలు. మొదటి నెల వాయిదాలో 17,708 రూపాయలు వడ్డీకే పోవును. అసలునకు జమ పడునది 3,987. సంవత్సరాంతమున బాంకు ఇచ్చు లెక్కపత్రమును ఎదుట పెట్టుకొని చదివినచో, కట్టినది సుమారు 2,60,350 రూపాయలనియు, అందు 2,10,600 వడ్డీయనియు, అసలు తగ్గినది 49,750 మాత్రమే యనియు కనబడును. అయిదేండ్లలో పదుమూడు లక్షలు కట్టిన గృహస్థునకు ఇంకను 22 లక్షల 3 వేలు బాకీ నిలిచియుండును. అసలులో సగము తీరుటకు పదమూడు సంవత్సరముల పది నెలలు పట్టును. ఇందులో బాంకు మోసమేమియు లేదు. ఏ నెల వడ్డీ ఆ నెల మిగిలియున్న అసలుపై లెక్కింపబడుటచేతను, వాయిదా ఆద్యంతము ఒకే మొత్తముగ నుండుటచేతను, తొలి సంవత్సరములు వడ్డీపాలును, మలి సంవత్సరములు అసలుపాలును అగుట గణితసిద్ధము. ఇరువది యేండ్లకు కట్టు మొత్తము 52 లక్షల 7 వేలు; వడ్డీ ఒక్కటే 27 లక్షలకు పైగా, అసలును మించిపోవును.

ఇప్పుడు ఈ లెక్కను నలువదియైదేండ్ల కార్మికునికి అన్వయింతము. అఱువదవయేట క్వార్టరు ఖాళీ చేసి, తాళపుచెవి అప్పగించి గమ్హరియా ఇంటికి సామాను తెచ్చుకొన్న నాటికి అతడు 180 వాయిదాలుగా ముప్పదితొమ్మిది లక్షలు కట్టియుండును. అయినను ఇంకను 10 లక్షల 57 వేలు బాకీ యుండును. ఆ బాకీని తీర్చునది గ్రాట్యుటీ, ప్రావిడెంటు ఫండు. కాదనిన కుమారుని జీతము. వృద్ధాప్యమునకు అన్నవస్త్రములుగా దాచుకొన్న సొమ్ము వడ్డీకి సమర్పణమగుటయు, తండ్రి కట్టిన ఇంటికి సహఋణగ్రహీతగా సంతకము చేసిన కుమారుడు తన సొంత కాపురము పెట్టుకొనుటకు ముందే ఋణస్థుడగుటయు, ఈ రెండును అప్పు యొక్క నిజమైన వెలలోనివే. ఏ బాంకు కరపత్రమునందును అవి అచ్చుపడవు.

ఇదే అప్పు పదునైదేండ్లకు తీసికొన్నచో వాయిదా 24,618 రూపాయలగును. నెలకు 2,923 రూపాయలు అదనము. మొత్తముమీద 7 లక్షల 75 వేలు మిగులు. అన్నిటికంటె ముఖ్యముగా, అఱువదవయేట ఇల్లు ఋణవిముక్తము. ముప్పదియేండ్లకు సాగదీసినచో వాయిదా 19,223కు దిగును గాని, కట్టు మొత్తము 69 లక్షలు దాటును. ఇరువదియేండ్ల వాయిదాతో పోల్చిన నెలకు రెండువేల అయిదువందలు తగ్గినందుకు పదునేడు లక్షలు అదనముగా చెల్లించుట! “నెలకు మీరెంత కట్టగలరు?” అని బాంకు ఉద్యోగి ఎంతో మర్యాదగా అడుగు ప్రశ్నకు సమాధానము చెప్పి ఊరకున్నచో, గడువును నిర్ణయించువాడు అతడే యగును.

పైని లెక్కలో వడ్డీ ఇరువదియేండ్లు కదలక నిలిచినదని భావించితిమి. అది నిలువదు. 2019 అక్టోబరు 1 తరువాత బాంకులిచ్చిన చలవడ్డీ గృహఋణములు బాహ్య ప్రమాణమునకు, అనగా చాలవఱకు రిజర్వు బాంకు రెపో రేటునకు, ముడిపడియున్నవి. 2022 మే మొదట నూటికి నాలుగుగా నున్న ఆ రేటు 2023 ఫిబ్రవరికి 6.5కు చేరినది. 2022 ఏప్రిలులో నూటికి ఏడు వడ్డీకి 25 లక్షలు ఇరువదియేండ్లకు తీసికొన్నవాని వాయిదా 19,382 రూపాయలు. వడ్డీ 9.5కు ఎక్కిన నాటికి, పది నెలలు తప్పక కట్టిన పిమ్మట కూడ, అతని అప్పుపై ఒక నెల వడ్డీయే 19,600 దాటుచుండెను. వాయిదా వడ్డీకే చాలలేదు. కట్టినకొలది అప్పు పెరుగు స్థితి. అట్టివేళ బాంకులు వాయిదాను కదపక గడువును పొడిగించుచు వచ్చుటచేత, ఎందఱో తమ అప్పు ఎన్నియేండ్లు పెరిగినదో ఎఱుగరైరి. 2023 ఆగస్టు 18న రిజర్వు బాంకు జోక్యము చేసికొని, రేటు మారినపుడు వాయిదా పెంచుకొనుటయా, గడువు పొడిగించుకొనుటయా, కొంత ముందుగా తీర్చుటయా అను ఎంపిక ఋణగ్రహీతదే యనియు, గడువు పొడిగింపు అప్పును పెంచునదిగా ఉండరాదనియు ఆదేశించినది. మంచి ఆదేశము. 2025లో రెపో రేటు మరల దిగినది. ఈ తగ్గుదలను వాయిదా తగ్గింపుగా గాక గడువు తగ్గింపుగా స్వీకరించినవారే లాభపడినవారు. 2019కి పూర్వపు పాత పద్ధతి ఋణములు ఉన్నవారు, తమది ఏ ప్రమాణమునకు ముడిపడియున్నదో నేడే శాఖకు పోయి విచారించుకొనవలెను.

వడ్డీ అసలును మించుటను మన పూర్వులు ధర్మముగా ఎంచలేదు. ఒక్కమాఱుగా వసూలు చేయు వడ్డీ అసలునకు సమానమైన చోట ఆగవలెనను నియమము మనుస్మృతిలో కలదు. న్యాయస్థానములు దీనినే దాందుపట్ అని వ్యవహరించినవి. నేటి ఝార్ఖండ్‌లోని సంథాల్ పరగణాలలో 1872 నాటి రెగ్యులేషను ఈ హద్దును శాసనముగా చేసినది. చెన్నరాష్ట్రమున 1938లో రాజగోపాలాచారి ప్రభుత్వము చేసిన వ్యవసాయదారుల ఋణవిముక్తి చట్టము ఇంకొక అడుగు ముందుకు వేసి, 1932 అక్టోబరుకు పూర్వపు పాత బాకీలలో, అసలుగా గాని వడ్డీగా గాని రైతు ఇచ్చినది అసలునకు రెట్టింపైనచో ఆ అప్పు తీరినట్లే యని ప్రకటించినది. గమ్హరియాలోని మనవారి తాతలు విడిచివచ్చిన విశాఖపట్టణము జిల్లా నాడు ఆ రాష్ట్రములోనిదే. ఆ కొలతతో చూచినచో మన ఇరువదియేండ్ల అప్పు 231వ వాయిదాతో, అనగా గడువునకు తొమ్మిది నెలలు ముందుగా, తీరిపోవును. ముప్పదియేండ్ల అప్పు 261వ వాయిదాతో తీరి, ఎనిమిదేండ్ల పైచిలుకు వాయిదాలు కట్టనక్కఱలేకుండ పోవును. డిపాజిటుదారుల సొమ్మును త్రిప్పు బాంకునకు వడ్డీవ్యాపారి నియమమును యథాతథముగా వర్తింపజేయుమని నేననను. కాని ‘రెట్టింపు’ అను ఆ గీత గృహస్థునకు నేటికిని మంచి కొలబద్ద. గడువు ఏదైనను, కట్టు మొత్తము అసలునకు రెండింతలు దాటుచున్నదా యని చూచుకొని, దాటుచున్నచో అప్పు తగ్గించుకొనుటయో, గడువు కుదించుకొనుటయో చేయవలెను.

రూపాయి విలువ ఏటేట తగ్గుచుండగా, పదేండ్ల తరువాతి ఇరువదియొక్క వేలు నేటి ఇరువదియొక్క వేలతో సమానము కాదు గదా, ఈ భయమెందుకు అని అర్థశాస్త్రము తెలిసినవారు ఆక్షేపింతురు. వేతన ఒప్పందముల ద్వారా జీతము పెరుగు స్థిరోద్యోగి విషయమున ఆ వాదము సత్యమే, కాదనను. కాని గమ్హరియా, ఆదిత్యపూర్‌లలో స్థిరోద్యోగులతోబాటు ఠేకేదారు కింద పనిచేయువారు, చిన్న ఫ్యాక్టరీల ఫిట్టర్లు, టర్నర్లు, వెల్డర్లు వేలకొలది ఉన్నారు. 2019లో మోటారు వాహనముల అమ్మకములు పడిపోయి టాటా మోటార్స్‌లో బ్లాక్ క్లోజర్లు, అనగా కొలది దినముల మూసివేతలు, ప్రకటించినపుడు, ఆ కర్మాగారముపై ఆధారపడిన ఇచ్చటి అనుబంధ పరిశ్రమలు షిఫ్టులు తగ్గించుకొన్నవి. పని లేని దినములకు కూలి లేదు. కర్మాగారమునకు బ్లాక్ క్లోజరు ఉన్నది గాని నెలవాయిదాకు లేదు. తొంబది దినములు వాయిదా తప్పినచో ఖాతా మొండిబాకీ యగును. అటుపిమ్మట తనఖా ఇంటిని బాంకు స్వాధీనపఱచుకొనుటకు వీలిచ్చు 2002 నాటి సర్ఫేసీ చట్టము క్రింద అఱువది దినముల నోటీసు వచ్చును. అట్టివారు కనీసము ఆఱు వాయిదాల సొమ్ము వేఱుగా ఉంచుకొనకుండ ఇంటి అప్పునకు సంతకము చేయుట క్షేమము కాదు.

గమ్హరియాలో అప్పు వెలను పెంచునది మఱియొకటి కలదు, భూమి పత్రము. 1908 నాటి ఛోటానాగపూర్ కౌలుదారీ చట్టములోని 46వ నిబంధన ప్రకారము ఆదివాసి రైతు భూమిని అదే ఠాణా పరిధిలోని ఆదివాసికి, అదియు డిప్యూటీ కమీషనరు అనుమతితో మాత్రమే అమ్మవచ్చును. ఆదివాసుల భూమి అన్యాక్రాంతము కాకుండ చేసిన ఈ చట్టము న్యాయమైనది. దానిని దాచిపెట్టి, వట్టి ఎగ్రిమెంటు కాగితముపై ప్లాటు అంటగట్టు దళారిదే దోషము. అట్టి ప్లాటుపై ఏ బాంకును గృహఋణమీయదు. అప్పుడు గృహస్థుడు ఎక్కువ వడ్డీకి పర్సనల్ లోనో, నెలకు నూటికి రెండు మూడు రూపాయల వడ్డీకి చేబదులో తెచ్చి కట్టును. కట్టిన ఇంటిపై హక్కు సందేహాస్పదము, వడ్డీ ఏడాదికి ఇరువది నాలుగో ముప్పదియాఱో. ఖతియాన్ (భూమి హక్కుల పత్రము) ఎవరి పేరనున్నది, దాఖిల్ ఖారిజ్ (దస్త్రములలో పేరు మార్పు) జరిగినదా, లేదా అని అంచల్ (మండల) కార్యాలయమున చూచుకొనుటకు పట్టు పది దినములు వృథా కావు. పత్రములు సక్రమమైనచోట కూడ ఝార్ఖండ్‌లో స్టాంపు సుంకమునకు నూటికి నాలుగు, రిజిస్ట్రేషనుకు మూడు. మన ముప్పది లక్షల ఇంటికి 2,10,000 రూపాయలు. ఇది బాంకు అప్పులో చేరదు. చేతి సొమ్ము అయిదు లక్షలకు తోడు దీనిని కూడ సిద్ధము చేసికొనవలెను.

అప్పు భారమును తగ్గించుకొను మార్గము ఈ ఊరివారి చేతిలోనే కొంత యున్నది. దుర్గాపూజకు ముందు వచ్చు బోనసు ఇక్కడి బజారులకు ప్రాణము. ఆ సొమ్ములో కొంత కూడబెట్టి, మన ఇరువదియేండ్ల అప్పునకు రెండవ సంవత్సరాంతమున రెండు లక్షలు అసలునకు జమ కట్టి, వాయిదాను మార్చక ఉంచినచో, గడువులో ముప్పదియేడు నెలలు తగ్గును. అనగా ఎనిమిది లక్షల రూపాయల వాయిదాలు తప్పును. అదే రెండు లక్షలు పదునైదవ సంవత్సరాంతమున కట్టినచో తగ్గునవి పదుమూడు నెలలు. తొలిదినములలో అప్పు తీర్చుటయందే బలమున్నది. చలవడ్డీ గృహఋణమును ముందుగా తీర్చినందుకు వ్యక్తులనుండి రుసుము వసూలు చేయరాదని రిజర్వు బాంకు 2012లోనే బాంకులను ఆజ్ఞాపించినది. ఆదాయపు పన్నులో వడ్డీకి మినహాయింపు వచ్చును గదా యని అప్పును సాగదీయువారు, కొత్త పన్ను విధానమున సొంత నివాసగృహపు వడ్డీకి ఆ మినహాయింపు లేదని గుర్తింపవలెను.

2024 అక్టోబరు 1 నుండి కొత్త చిల్లర ఋణములన్నింటికిని ముఖ్యాంశముల పత్రమొకటి ఈయవలెనని, అందు ఖర్చులన్నియు కలిపిన వార్షిక రేటును, వాయిదాల పట్టికను చూపవలెనని, అది ఋణగ్రహీతకు అర్థమగు భాషలో నుండవలెనని నియమము. గమ్హరియాలో ఇంట తెలుగు, వీధిలో హిందీ మాటలాడు వృద్ధ కార్మికునికి ఆంగ్ల పత్రము చూపి సంతకము తీసికొనుట ఈ నియమమును పాటించుట కాదు. హిందీలో అడుగుటకు అతనికి హక్కున్నది, తెలుగు తెలిసిన ఉద్యోగి శాఖలో ఉన్నచో తెలుగులో చెప్పించుకొనుటకు సంకోచింపవలసిన పని లేదు. నేను బాంకులను ఇంకొక్కటి కోరుచున్నాను. ఆ పత్రపు మొదటి పుటలో, సంతకము చేయు చోటికి పైననే, మూడు అంకెలు పెద్ద అక్షరములలో ఉండవలెను: కట్టబోవు మొత్తము, తుది వాయిదానాటికి ఋణగ్రహీత వయస్సు, వడ్డీ నూటికి రెండు పెరిగినచో వాయిదా ఎంత యగునను లెక్క. కార్మికసంఘములు వేతనముల కొఱకు పోరాడినంత పట్టుదలతో దీనికొఱకును అడుగవలెను. ఏలయన పెరిగిన వేతనమున పెద్ద భాగము పోవుచున్నది ఆ సంతకము క్రిందనే.