మోటారు సైకిలునకు మరమ్మతు పుస్తకము

పూర్వము కాడియెద్దునకు జబ్బుచేసినయెడల మందు చెప్పగల పెద్ద యొకరు ప్రతి యూరను ఉండెడివారు. నేడు మన సభ్యులలో పెక్కుమందికి ఆ యెద్దు చేసిన పనిలో సగము మోటారు సైకిలు చేయుచున్నది. పాలకేంద్రమునకు క్యాను చేర్చునది, మార్కెట్టునుండి విత్తనము తెచ్చునది, నీరు పెట్టుటకు మనలను పొలమునకు చేర్చునది అదియే. నాట్లనాడు అది వాకిట నిలిచిపోయిన, కూలీలు గట్టుమీద కూర్చుండవలసి వచ్చును. ఆ బండికిని వైద్యగ్రంథము కలదు. అది రైతు చేతికి అందవలెనని మా యభిప్రాయము.

మోటారు సైకిలును గూర్చి కంపెనీవారు మూడు విధములగు పుస్తకములు సిద్ధము చేయుదురు. మొదటిది ఓనర్స్ మాన్యువల్, అనగా యజమాని పుస్తకము. ఆయిలు ఎంత, ఏ రకము పోయవలెనో, టైర్లలో గాలి ఎంత ఉండవలెనో, చైను ఎంత వదులుండవలెనో, ఎన్ని కిలోమీటర్లకు ఏ పని చేయవలెనో అందు కలదు. రెండవది సర్వీసు మాన్యువల్. ఇంజనును విప్పి మరల కూర్చు క్రమము, ప్రతి బోల్టును ఎంత బిగువున బిగింపవలయునో, ఏ భాగము ఎంతవరకు అరిగిన వాడవచ్చునో అది తెలుపును. మూడవది విడిభాగముల పట్టిక. అందు ప్రతి భాగమునకు బొమ్మయు సంఖ్యయు ఉండును. మొదటిది బండితోనే వచ్చును గాని మనము దానిని అటకమీద పడవేసి చెదలకు అప్పగించుచున్నాము. రెండవది సాధారణముగా డీలరు షెడ్డు దాటి రాదు.

“మా మేస్త్రీ చేయి చాలును, పుస్తకమెందుకు?” అని కొందరు అడుగుదురు. మేస్త్రీ చేతివాటమును మేము తక్కువ చేయము. కాని కొలత చేతిలో ఉండదు, పుస్తకములో ఉండును. గేర్ల మోటారు సైకిళ్లలో చాలవాటి క్లచ్చి ఇంజను ఆయిలులోనే మునిగి పనిచేయును. కార్ల కొరకు చేసిన కొన్ని ఆయిళ్లలో రాపిడిని తగ్గించు మందులు కలిసియుండును. చౌకయని అట్టిది పోసిన క్లచ్చి జారును, బండి బరువు లాగదు. అందుచేతనే ఇట్టి బండ్ల ఆయిలు డబ్బామీద ‘జాసో ఎం.ఏ.’ అను గుర్తు చూడవలెను. అట్లే ఆయిలు దింపు బోల్టును పానాతో బలముకొలది బిగించిన, అల్యూమినియపు ఇంజను గుల్లలోని మర తెగిపోవును. పది నిమిషముల పని వేల రూపాయల పని యగును. ఆ బిగువును పుస్తకము న్యూటన్ మీటర్లలోనో కిలోగ్రాము మీటర్లలోనో చెప్పును. ఒక కిలోగ్రాము మీటరు దాదాపు 9.8 న్యూటన్ మీటర్లకు సమానము. ఈ తేడా గుర్తింపని చదువరి పదింతలు పొరబడును.

పుస్తకము దొరికిన చాలదు, అది మన బండిదే కావలెను. మన పల్లెలలో విస్తారముగా కనబడు స్ప్లెండరు బండి 1994లో వెలువడినది. ఇంజను పరిమాణము 97.2 సి.సి.గానే సాగినది గాని, 2020 ఏప్రిల్ 1 నుండి బి.ఎస్.6 నియమములు అమలులోనికి వచ్చుటచే కార్బ్యురేటరు పోయి పెట్రోలు ఇంజెక్షను వచ్చినది. పేరు ఒక్కటే, లోపలి యంత్రము వేరు. పాత పుస్తకము చేతబట్టి కొత్తబండిలో కార్బ్యురేటరును వెదకువాడు ఉన్న తీగలను తెంపుకొనును. కావున పుస్తకమడుగునప్పుడు మోడలు పేరు, తయారైన సంవత్సరము, చాసిస్ సంఖ్య తప్పక చెప్పవలెను. ఇంటర్నెట్టులో ఎవరో అమ్ము ప్రతులను ఇవి సరిచూడక కొనరాదు.

యజమాని పుస్తకమును పలు కంపెనీలు తమ వెబ్‌సైటులలో ఉచితముగానే ఉంచుచున్నవి. చిక్కంతయు సర్వీసు మాన్యువల్‌తోనే. విడిభాగములను, పరీక్షా పరికరములను, సాంకేతిక పుస్తకములను బయటి మేస్త్రీలకు అందనీయలేదని 2014 ఆగస్టులో భారత పోటీ కమిషను 14 కార్ల కంపెనీలపై దాదాపు 2,544 కోట్ల రూపాయల జరిమానా విధించినది. దానిపై అప్పీళ్లు నడచినవి. అది కార్లకు సంబంధించిన తీర్పేయైనను న్యాయము రెండు చక్రములకు వేరుకాదు. 2022 డిసెంబరు 24న కేంద్ర వినియోగదారుల శాఖవారు మరమ్మతు హక్కు పోర్టలును ప్రారంభించిరి. అందు వాహనములును, వ్యవసాయ యంత్రములును చేరియున్నవి. అయితే పోర్టలు చట్టము కాదు. అడుగువారు లేనిదే కంపెనీ తనంతట ఇయ్యదు.

పుస్తకమున్నదని ప్రతి పనికి తెగింపవలెనని మేము చెప్పుటలేదు. వారంటీ గడువులో ఇంజను విప్పినయెడల హక్కు పోవచ్చును. బ్రేకుల లోపలి పని, ఇంజెక్షను పని తెలిసినవారికే విడువవలెను. ఆయిలు మార్చుట, చైను సవరించుట, ప్లగ్గు, గాలి వడపోత శుభ్రపరచుట, గాలి చూచుట—ఇవి చదువ నేర్చిన ప్రతి రైతు చేయదగినవి. తక్కిన పనులలో సయితము పుస్తకము చూచినవానిని మోసపుచ్చుట కష్టము. ఏ భాగము మార్చిరో, ఏల మార్చిరో అతడు అడుగగలడు.

ఇది ఒక్కొక్క రైతు వల్ల అగుపని కాదు, సంఘము చేయవలసిన పని. 1914లో బెజవాడలో ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘము ఏర్పడిన నాటినుండి పుస్తకమును పల్లెకు చేర్చుట మనవారికి ఎరుకయైన సేవయే. మందు పిచికారీ యంత్రమును పదిమంది కలిసి వాడుకొన్నట్లే మాన్యువల్‌ను వాడుకొనవచ్చును. ప్రతి సంఘమును సభ్యుల బండ్ల మోడళ్లు, సంవత్సరములు వ్రాసికొని, ఎక్కువగా నున్న నాలుగైదింటి యజమాని పుస్తకములను అచ్చువేయించి కార్యాలయమున ఉంచవలెను. సర్వీసు మాన్యువల్‌ను వెలకైనను ఇయ్యుడని మహాజన సభలో తీర్మానించి కంపెనీకి వ్రాయవలెను. ఒకని యుత్తరమునకు రాని జవాబు అయిదువందల సభ్యుల తీర్మానమునకు రావచ్చును. బిగువు కొలుచు పానా ఒకటి సంఘము కొని అద్దెకీయవలెను. ఊరి మేస్త్రీని పిలిచి ఆ పుస్తకము ముందు కూర్చుండబెట్టిన, అతని విద్యయు పెరుగును.

అన్నిటికంటె ముఖ్యము, ఈ పుస్తకములు తెలుగున ఉండవలెను. తెలుగు రైతు సొమ్ము పుచ్చుకొని బండి యమ్మువారు, దానిని బాగుచేసికొను విధమును తెలుగులో చెప్పుట ధర్మము. సభ్యులారా, కొత్తబండి కొనునాడు తాళపుచెవితోపాటు తెలుగు పుస్తకమును అడుగుడు. లేదన్నచో ఆ లేదను మాటను వ్రాసి ఇమ్మనుడు. ఆ కాగితములు పది చేరిననాడు సంఘము వ్రాయు ఉత్తరమునకు బలము కలుగును.