వేలు పోయింది, కాగితంల గోరు కూడా పోలేదట

పోస్టు కొంచెం పొడుగున్నది. డ్యూటీ నుంచి వచ్చి, తిన్నంక నిమ్మళంగ చదవండి. మెషిన్ల మీద చేసేటోళ్లు మాత్రం ఇయ్యాల్నే చదవండి.

రెండు వారాల కింద మా రూముల ఉండే తమ్మునికి రాడ్లు కట్ చేసే మెషిన్ల కుడిచేతి చూపుడు వేలు పడ్డది. పై కణుపు తెగిపోయింది, గోరుతో సహా. గుడ్డ చుట్టింది మేము, బండి ఎక్కించింది మేము. దవాఖాన లోపలికి మాత్రం మాలో ఒక్కరిని కూడా రానియ్యలేదు. కంపెనీ మందూబ్ పోయిండు. తమ్మునికి నొప్పితోని నోట మాట రాలేదు, వచ్చినా వానికి తెలుగు తప్ప ఇంకోటి రాదు. డాక్టర్‌తోని మాట్లాడిందంతా మందూబే.

మూడో రోజు చేతికొచ్చిన రిపోర్టుల ఒక నంబర్ ఉన్నది: ఎస్61.219ఏ. మాకేం తెలుస్తది? మా రూమ్మేట్ చెల్లె అమీర్‌పేటల మెడికల్ కోడింగ్ నేర్చుకొని హైదరాబాద్‌లనే జాబ్ చేస్తది. ఫోటో తీసి వాట్సాప్‌ల పెడితే చదివి చెప్పింది. ఆ నంబర్‌కు అర్థం ఏందంటే, ఏ వేలో చెప్పలేదు, ఏదో ఒక వేలికి కోత పడ్డది, లోపల ఏమీ ఇరుక్కోలేదు, గోరుకు దెబ్బ తగల్లేదు.

గోరుకు దెబ్బ తగల్లేదట! అసలు గోరే లేదు కదా అన్నా. వేలితో పాటు మెషిన్ కింద పడిపోయింది.

దుబాయ్, అబుదాబి దవాఖానాలల్ల ఇన్సూరెన్సుకు పంపే బిల్లు మీద అమెరికా వాళ్ల ఐసీడీ-10-సీఎం కోడ్లే వేస్తరు. వేలి దెబ్బకు ఆ పుస్తకంల ఒక్క నంబర్ కాదు, ఎన్నో ఉన్నయి. పైపైన కమిలితే ఎస్60, తెగి గాయమైతే ఎస్61, ఎముక విరిగితే ఎస్62, నలిగితే ఎస్67, తెగి ఊడిపోతే ఎస్68. అందులో మళ్లీ ఏ చెయ్యి, ఏ వేలు అన్నది ఒక్కొక్క అంకెతోని చెప్తరు. కుడి చూపుడు వేలికి 0, ఎడమ చూపుడు వేలికి 1, కుడి మధ్యవేలికి 2, అట్ల చిటికెన వేలి దాకా. మా తమ్మునికి పడాల్సింది ఎస్68.610ఏ. కుడి చూపుడు వేలు, కణుపు కాడ, పూర్తిగా తెగిపోయింది అని. ఇంత వివరంగ రాసే సౌకర్యం ఉన్న పుస్తకంల, మనోనికి దొరికింది మాత్రం 'ఏదో ఒక వేలు'.

ఇంకో ముచ్చట వింటే కడుపు రగులుతది. డాక్టర్ 'తెగిపోయింది' అని రాసి, సగమా మొత్తమా అన్నది రాయకపోతే, మొత్తం తెగినట్టే కోడ్ వెయ్యాలని నియమమే ఉన్నదట. అంటే ఆ ఒక్క మాట రాస్తే సరిపోయేది. ఆ ఒక్క మాట కూడా రాయలేదు.

కోడ్ వేసినోళ్లను తిట్టాలని మాకు మొదట అనిపించింది. ఆ చెల్లె అన్నది, "అన్నా, మాకు వేలు కనపడదు, డాక్టర్ రాసిందే కనపడ్తది. రాయనిది మేం వెయ్యొద్దు." అది నిజమే. తప్పు అంతకు ముందే అయిపోయింది.

ఎట్లయిందో రెండో లైను చూస్తే తెలిసింది. దెబ్బ ఎట్ల తగిలిందంటే, రూము తలుపు సందుల పడ్డదని రాసి ఉన్నది! మెషిన్ లేదు, సైటు లేదు, డ్యూటీ లేదు. లోహం కోసే మెషిన్ తగిలితే దానికి డబ్ల్యూ31.1 అని వేరే కోడ్ ఉన్నది. జీతం కోసం పనిచేస్తుండగ అయిందని చెప్పనీకి వై99.0 ఉన్నది. ఈ కారణం కోడ్లు అమెరికాలనే దేశమంతటా తప్పనిసరి కాదట. వదిలేసినా బిల్లు పాస్ అయితది కాబట్టి అడిగేటోడు ఉండడు. అడగాల్సినోడే తలుపు కథ చెప్పి వచ్చిండు.

క్యాంప్ బాస్ ఏమన్నడో వినండి. "అరే భాయ్, ఖల్లివల్లి. అది బిల్లు నంబర్. ట్రీట్‌మెంట్ ఫ్రీగా అయింది కదా." చాలామంది మనోళ్లు కూడా ఇదే మాట అంటున్నరు. వాళ్లకే ఈ జవాబు.

కోడ్ చూసి ఎవరూ పరిహారం ఇయ్యరు, అది మాకు కూడా తెలుసు. మెడికల్ రిపోర్ట్ చూసి ఇస్తరు. కానీ ఆ రిపోర్ట్ రాసేటోళ్లు పాత ఫైలు తిరగేస్తరు కదా. నంబర్ చివర ఏ అంటే చికిత్స నడుస్తున్నదని, డీ అంటే మానుతున్నదని, ఎస్ అంటే మిగిలిపోయిన లోపమని. మొదటి రోజు 'కోత' అని పడితే ఆ తర్వాత వచ్చేవన్నీ 'కోత మానుతున్నది' అనే ఉంటయి. మానిన కోతకు లోపం ఏముంటది?

ఇక్కడి లేబర్ చట్టం, 2021ల వచ్చిన 33వ నంబర్ చట్టం, 37వ ఆర్టికల్ చూడండి. పనిల దెబ్బ తగిలితే కోలుకునే దాకా వైద్యం ఖర్చు కంపెనీదే. 6 నెలల దాకా పూర్తి జీతం, ఆ తర్వాత ఇంకో 6 నెలలు సగం. శాశ్వతంగ అవయవం పోతే, ప్రాణం పోయినప్పుడు ఇచ్చే దాంట్లోంచి ఇంత శాతమని లెక్క. ప్రాణానికి 24 నెలల బేసిక్ జీతం, 18,000 దిర్హాములకు తగ్గకుండ, 2 లక్షలకు మించకుండ. బేసిక్ 800 ఉన్నోనికి 19,200 అయితది. అది ప్రాణం ఖరీదు. అందులో వేలి కణుపుకు వచ్చేదెంతో మీరే లెక్క వేసుకోండి. ఆ కొంచెం కూడా ఎగ్గొట్టనీకి తలుపు కథ! తలుపుల పడ్డదంటే అది పని దెబ్బే కాదు, మొత్తం లెక్కే లేదు.

మందూబ్‌ను ఒక్కన్నే అంటలేం. గోరు లేని వేలు కండ్ల ముందు పెట్టుకొని, పేషెంట్ మొఖం చూడకుండ, పక్కనోని మాట రాసుకున్న డాక్టర్‌ను ఏమనాలె? బయట బండి కాడ చేతులు కట్టుకొని నిలబడ్డ మమ్మల్ని ఏమనాలె? సెక్యూరిటీ వద్దనంగనే ఆగిపోయినం. మాలో ఇద్దరికి హిందీ మంచిగనే వస్తది. సాయంత్రం దాకా డ్యూటీ పోతదని భయపడ్డం. ఇది ఒప్పుకుంటున్నం.

అందుకే చెప్తున్నం. దెబ్బ తగిలినోని ఎంబడి మనోడు ఒకడు లోపలికి పోవాలె, జీతం కట్ అయినా సరే. డాక్టర్ ముందట నాలుగు ముక్కలు హిందీల చెప్పినా చాలు, "మెషిన్ మే కట్ గయా, డ్యూటీ పే." ఏ చెయ్యి, ఏ వేలు, ఏ కణుపు, తెగిందా ఊడిందా, ఏ మెషిన్, ఏ టైం, అన్నీ రాయమని అడగండి. పట్టీ కట్టక ముందే ఫోటో తీయండి, మెషిన్ ఫోటో కూడా. తెగిన ముక్క దొరికితే తడి గుడ్డల చుట్టి, ప్లాస్టిక్ కవర్ల పెట్టి, ఆ కవర్‌ను ఐస్ మీద పెట్టండి. ముక్కను మాత్రం ఐస్‌ల ముంచొద్దు. మావోనిది మేము వెతకనే లేదు. రాడ్ల ముక్కల కింద ఎక్కడ పడ్డదో ఏమో.

రిపోర్టుల తప్పుంటే సరిదిద్దమని అడగొచ్చు. మేము అడిగినం. కౌంటర్ కాడ అమ్మాయి, డాక్టర్‌నే అడగాలె, ఆయన సోమవారం వస్తడన్నది. సోమవారమే తమ్మునికి కుట్లు చూసే అపాయింట్‌మెంట్. మందూబ్ తనే తీసుకపోతా అంటున్నడు. మాలో ఇద్దరం ఆ రోజు డ్యూటీకి పోతలేం, ఫోర్‌మన్‌కు చెప్పేసినం.