పేరులోని జిగురు

తాండూరు ప్రాంతమున కందిచేలలో కలుపు తీసిన పిల్లలకు కుక్కవామింటను గూర్చి వేరుగ చెప్పనక్కరలేదు. పసుపుపచ్చని చిన్న పూలు, నిక్కి నిలిచిన సన్నని కాయలు, తాకినంతనే చేతికంటు జిగురు, దానితోపాటు ఘాటైన వాసన. చేతులు కడుగుకొన్నను ఆ వాసన కొంతసేపు వదలదు. ఈ మొక్కకే 1753వ సంవత్సరమున లిన్నేయసు అను స్వీడను దేశపు శాస్త్రజ్ఞుడు 'క్లియోమ్ విస్కోసా' అని పేరిడెను.

నేను తెలుగు పండితుడుగా పనిచేయుచున్న దినములలో ఒక బాలుడు పొలమునుండి నేరుగ బడికి వచ్చెను. వాని చేతులు జిగటగ నుండెను. తరగతియంతయు ఆ వాసనయే. నేను వానిని కసరి, చేతులు కడుగుకొని రమ్మంటిని. తరువాతి గంటలో సైన్సు ఉపాధ్యాయుడు అడుగగా ఆ బాలుడే 'క్లియోమ్ విస్కోసా' అని తడబడక చెప్పుట గోడకావలినుండి నాకు వినబడెను. ఆ పేరునకును, తాను కడుగుకొని వచ్చిన జిగురునకును సంబంధమున్నదని వానికి తెలియదు. దాచనేల? నాకును తెలియదు. పదముల పుట్టుక చెప్పుటయే నా వృత్తి. అయినను లాటిను మన భాష కాదుగదా యని ఊరకుంటిని.

ఆ పదము పుట్టుక మనకంత దూరమైనదియు కాదు. వికారాబాదు చుట్టుపట్ల మామిడిచెట్లను పరికించి చూడుడు. కొమ్మపై వేరొక జాతి ఆకులు గుబురుగ కనబడినచో అది బదనిక కావచ్చును. దాని పండ్లను పిట్టలు తినును. గింజచుట్టునున్న జిగురు కొమ్మకంటుకొనగా, గింజ అచటనే మొలకెత్తి చెట్టు రసమును పీల్చి బ్రతుకును. యూరపులో ఇదేరీతిగ చెట్లపై పెరుగు ఒక మొక్కను రోమనులు 'విస్కం' అనిరి. దాని పండ్లనుండి జిగురు తీసి, పుల్లలకు పూసి పిట్టలను పట్టెడివారు. ఆ జిగురునకును విస్కమనియే పేరు. మన వేటగాండ్రు మఱ్ఱిపాలతో చేసిన పనియు నిదియే. విస్కము వంటి గుణము గలది విస్కోసా. గుట్టలపై పెరుగు పులివావిలికిని డోడోనియా విస్కోసా అని పేరుండుటకు దాని ఆకులమీది జిగురే కారణము.

లాటినులో జిగురునకు మరియొక పదము 'గ్లూటెన్'. అగరువత్తుల పిండికి నరమామిడి బెరడు పొడిని జిగురుగ కలుపుదురు. ఆ చెట్టు పేరు లిట్సియా గ్లూటినోసా. యూరపు అడవులలో జారుడు గొడుగుగల ఒక పుట్టగొడుగును గోంఫిడియస్ గ్లూటినోసస్ అందురు.

ఈ లాటిను పేర్లు పిల్లలకు బరువని కొందరు, పల్లెపేర్లు మొరటువని కొందరు అనుచుందురు. ఈ రెండు మాటలను నేనొప్పుకొనను. బంకనక్కెర యన్న పేరు కట్టినవాడు లిన్నేయసుకంటె ఏమి తక్కువ? ఆ పండు గుజ్జుతో కాగితములంటించిన వారికి ఆ పేరెంత తగినదో తెలియును. కుక్కవామింట విషయమున మాత్రము లాటిను పేరే మేలని నా యభిప్రాయము. మనవారు 'కుక్క' అని చిన్నచూపు చూచి, జిగురు సంగతి విడిచిరి.

లాటిను పేరును అన్నియు చెప్పదు. అటికమామిడి కాయలు బట్టలకంటుకొనును. అయినను దాని పేరిలోని 'డిఫ్యూసా' యను మాటకు పరచుకొన్నదని మాత్రమే అర్థము. ఉత్తరేణియు పంచె అంచునకు పట్టుకొనును గాని అది జిగురుచే కాదు, ముండ్లవంటి మొనలచే. అందుచే అది 'ఆస్పెరా', అనగా గరుకైనది. చేతితో తాకి చూచినవానికే ఈ భేదము తెలియును.

2012వ సంవత్సరమునుండి క్రొత్త మొక్కల వర్ణనను లాటినులోగాని ఇంగ్లీషులోగాని వ్రాయవచ్చునని నియమము వచ్చినది. పేర్లు మాత్రము లాటిను రూపముననే యున్నవి. ఇటీవల కొందరు కుక్కవామింటను అరివేలా యను వేరు ప్రజాతిలో చేర్చిరి. మొదటి మాట మారినది. 'విస్కోసా' మాత్రము అంటుకొనియే యున్నది!

కనుక పాఠ్యపుస్తకములలో ప్రతి లాటిను పేరు క్రిందను దాని అర్థమును తెలుగున ముద్రింపవలెనని నా కోరిక. పాఠములు ముగించుటకే కాలము చాలదని ఉపాధ్యాయులందురు. విస్కోసా యనగా జిగురుగలది యని చెప్పుటకెంత కాలము పట్టును? వానలు పడిన పిమ్మట ఆ మొక్క బడిగోడ ప్రక్కనే మొలచును.