రాజ్యం పోయినా... పేరు పండింది!

'జేజీఎల్ 1798'... వింటే ఏ లారీ నంబరో అనిపిస్తుంది. నిజానికి అదో వరి రకం. రైతులకు 'జగిత్యాల సన్నాలు'గా పరిచయం. దానికి తోడబుట్టినదే జేజీఎల్ 384. ఆ రకానికి పెట్టిన పేరు 'పొలాస ప్రభ'. ఇంతకీ ఈ పొలాస కథేంటి?

జగిత్యాలకు దగ్గర్లో ఉన్న పొలాస ఇప్పుడో చిన్న ఊరు. 12వ శతాబ్దంలో మాత్రం పొలవాస రాజ్యానికి రాజధాని! మేడరాజు ఏలిన ఆ సీమను కాకతీయ రుద్రదేవుడు గెలుచుకున్నాడు. హనుమకొండ వేయిస్తంభాల గుడిలోని 1163 నాటి శాసనం ఆ విజయాన్నే చెబుతుంది. పొలవాస రాజుల్లో ఒకడైన జగ్గదేవుడి పేరు మీదే జగిత్యాల వెలిసిందంటారు. తర్వాత పొలాస పల్లెగా మిగిలితే, జగిత్యాల పట్నమైంది. 1747లో నక్షత్రం ఆకారంలో కట్టిన రాతికోట ఇప్పటికీ అక్కడ ఉంది.

ఈ ప్రాంతానికి ఉత్తరాన గోదావరి. కానీ నది పల్లాన, పొలాలు మెరకన. అందుకే ఒకప్పుడు ఇక్కడి సేద్యానికి చెరువులూ మోటబావులే దిక్కు. 1963లో పోచంపాడు దగ్గర శ్రీరాంసాగర్‌కు పునాదిరాయి పడింది. ఆ ప్రాజెక్టు నుంచి కాకతీయ కాలువ నీళ్లొచ్చాక ఊళ్ల రూపమే మారింది. ఎటు చూసినా వరే!

వరితోపాటే ఉల్లికోడు బెడదా ఉంది. ఈ పురుగు సోకితే పిలక కాస్తా ఉల్లికాడలా గొట్టమైపోతుంది. ఇక కంకి వేయదు. వానాకాలంలో నాట్లు ఆలస్యమైతే నష్టం మరీ ఎక్కువ. బాపట్ల నుంచి వచ్చిన సాంబమసూరి అన్నానికి బాగుంటుంది కానీ ఈ పురుగుకు తట్టుకోలేదు. పైగా చేతికి రావడానికి దాదాపు 150 రోజులు పడుతుంది.

దీనికి విరుగుడు పొలాసలోని వ్యవసాయ పరిశోధన స్థానంలో దొరికింది. సాంబమసూరిని, ఉల్లికోడును తట్టుకునే వరంగల్ రకం 'కావ్య'తో కలిపారు శాస్త్రవేత్తలు. అలా వచ్చినవే జేజీఎల్ 1798, 384. గింజ సన్నం, పురుగు భయం తక్కువ. 1798 అయితే నాలుగు నెలల్లోనే కోతకొస్తుంది. నెల ముందు పంట వస్తే రైతుకు నెల నీళ్లు మిగిలినట్టే. యాసంగికి పొలం దున్నుకునే తీరికా దొరుకుతుంది. తర్వాత అదే గడ్డ మీద 'జగిత్యాల రైస్-1' అనే జేజీఎల్ 24423 కూడా పుట్టింది.

జగిత్యాల 2016లో జిల్లా కేంద్రమైంది. పొలాస పల్లెగానే ఉంది. దాని ఓటమి రాతి మీద ఉంటే, గెలుపు మాత్రం విత్తనాల సంచి మీద ఉంది. రాజులు నిలబెట్టలేని పేరును వడ్లు నిలబెట్టాయి!