తెలుసుకుందాం: పసిబిడ్డకు చల్లని పడక

పిల్లలూ! ఈ శీర్షికకు ప్రతి నెలా మీ దగ్గరనుంచి ఎన్నో ఉత్తరాలు వస్తాయి. ఆకాశం నీలంగా ఎందుకుంటుంది, చీమకు దారి ఎట్లా తెలుస్తుంది అని అడుగుతారు. ఈ నెల వచ్చిన వాటిలో ఒకటి మాత్రం అట్లాంటిది కాదు. కాజీపేటలో ఎనిమిదో తరగతి చదువుతున్న ఒక అమ్మాయి రాసింది. వాళ్ళ నాన్న రైల్వేలో పని చేస్తాడట. ఉత్తరం ఇదీ:

"మా తమ్ముడు పుట్టి నాలుగు నెలలయింది. పుట్టగానే వాడు ఏడవలేదు. డాక్టర్లు ఊపిరి పోసి, గంటలోపలే అంబులెన్సులో హైదరాబాదు పంపారు. అక్కడ మూడు రోజులు వాణ్ణి చల్లని పరుపు మీద పడుకోబెట్టారు. అందుకు నాన్న కాగితం మీద సంతకం పెట్టాడు. 'పసిగుడ్డుకు చలి పెట్టిస్తారా బిడ్డా? వెచ్చగ చూసుకోవాలె గాని!' అని నాయనమ్మ ఏడ్చింది. తమ్ముడు ఇంటికి వచ్చాడు. కాని నాయనమ్మ ఇప్పటికీ నాన్నతో సరిగా మాట్లాడదు. ఎవరిది సరి? నాన్నదా, నాయనమ్మదా?"

అమ్మాయీ, నీ ప్రశ్న చిన్నది. జవాబు మాత్రం కొంచెం పెద్దది. ఓపికగా విను.

మొదట నాయనమ్మ మాట చూద్దాం. ఆమె చెప్పింది నూటికి నూరుపాళ్ళూ నిజం. పుట్టిన బిడ్డ ఒంటి వేడి 36.5 డిగ్రీల సెంటిగ్రేడుకు తగ్గకూడదు. తల్లి కడుపులో వెచ్చగా ఉన్న బిడ్డ తడి ఒంటితో బయటికి వస్తాడు. తడి ఆరుతూ ఉంటే వేడి పోతుంది. అందుచేతనే పుట్టీ పుట్టగానే బిడ్డను పొడిగుడ్డతో తుడిచి, తల్లి రొమ్ముకు ఆనించి పడుకోబెడతారు. నెలలు నిండకుండా పుట్టిన వాళ్ళకు ఈ వెచ్చదనం మరీ అవసరం. 1958లో అమెరికాలో సిల్వర్‌మన్ అనే వైద్యుడు ఈ సంగతి పరీక్షించి రుజువు చేశాడు. కొంచెం ఎక్కువ వెచ్చగా ఉంచిన పెట్టెలలో ఎక్కువమంది పసివాళ్ళు బతికి బయటపడ్డారు.

మరి డాక్టర్లు నీ తమ్ముణ్ణి చల్లగా ఎందుకు ఉంచినట్టు?

కడుపులో ఉన్న బిడ్డ తనంతట తాను గాలి పీల్చడు. తల్లి పీల్చిన ప్రాణవాయువే మాయ ద్వారా, బొడ్డుతాడు ద్వారా బిడ్డకు అందుతుంది. కాన్పు సమయంలో బొడ్డుతాడు నొక్కుకుపోయినా, మాయ ముందుగానే ఊడిపోయినా, కాన్పు మరీ కష్టమైనా ప్రాణవాయువు చాలకుండా పోవచ్చు. అప్పుడు అన్నిటికంటే ఎక్కువ బాధపడేది మెదడు. పెద్దవాళ్ళలో మెదడు బరువు శరీరం బరువులో యాభయ్యో వంతే. కాని శరీరం వాడుకునే ప్రాణవాయువులో అయిదో వంతు అదే తినేస్తుంది. అంత ఆకలిగల అవయవానికి తిండి ఆగిపోతే ఏమవుతుందో చూడు!

ఇందులో ఒక విచిత్రం ఉన్నది. దెబ్బ ఒక్కసారితో ఆగదు. డాక్టర్లు ఊపిరి పోయగానే ప్రాణవాయువు మళ్ళీ అందుతుంది, మెదడులోని జీవకణాలు తేరుకున్నట్టే ఉంటాయి. కొన్ని గంటలు అట్లా గడుస్తాయి. ఆ తరవాత రెండో దెబ్బ తగులుతుంది. జీవకణాలలో శక్తిని తయారుచేసే భాగాలు చెడిపోతాయి, విషపదార్థాలు పేరుకుంటాయి, కణాలు ఒకటొకటిగా చనిపోతాయి. మొదటి దెబ్బకు బతికినవి కూడా ఈ రెండో దెబ్బకు పోవచ్చు.

నీది కాజీపేట గనక ఒక పోలిక చెబుతాను. మీ జంక్షనుకు సికిందరాబాదు వైపునుంచి, విజయవాడ వైపునుంచి, బల్లార్షా వైపునుంచి బళ్ళు వస్తాయి గదా! ఒకచోట వానకు పట్టాల కింద మట్టి కొట్టుకుపోయిందనుకో. పనివాళ్ళు వచ్చి సరిచేస్తారు, దారి తెరుస్తారు. కాని వెంటనే మెయిలు బండిని పూర్తి వేగంతో పోనిస్తారా? పోనివ్వరు. డ్రైవరుకు "కాషన్ ఆర్డరు" ఇస్తారు. అక్కడ బండి మెల్లిగా నడవాలి. కట్ట గట్టిపడేదాకా అంతే. ఇది ఏమిటో మీ నాన్నను అడిగితే ఇంకా బాగా చెబుతాడు.

దెబ్బతిన్న మెదడుకు చల్లదనం అట్లాంటి కాషన్ ఆర్డరు. ఒంటి వేడి తగ్గితే జీవకణాల పని మందగిస్తుంది. పని మందగిస్తే వాటికి కావలసిన ప్రాణవాయువూ, శక్తీ తగ్గుతాయి, విషపదార్థాలు పుట్టడం కూడా తగ్గుతుంది. అందుచేత రెండో దెబ్బ తీవ్రత తగ్గవచ్చు.

అయితే ఎంత చల్లన? మంచుగడ్డంత కాదు. బిడ్డ ఒంటి వేడిని 33.5 డిగ్రీలకు తెస్తారు. మామూలుకంటే ఇది మూడు డిగ్రీలు, మూడున్నర డిగ్రీలు మాత్రమే తక్కువ. ఇంట్లో ఉండే పాత జ్వరమానిక లెక్కలో చెబితే 92.3 డిగ్రీల ఫారెన్‌హీటు. పుట్టిన ఆరు గంటల లోపల మొదలుపెట్టాలి, 72 గంటలు ఉంచాలి. ఆ తరవాత గంటకు అర డిగ్రీ చొప్పున మెల్లిగా వేడి చెయ్యాలి. ఆ మూడు రోజులూ గుండె, ఊపిరి, రక్తం, మూత్రం అన్నీ కనిపెడుతూ ఉండాలి. కాజీపేటనుంచి హైదరాబాదు సుమారు 130 కిలోమీటర్లు. మీ వాళ్ళు గంటలోపలే ఎందుకు బయలుదేరదీశారో ఇప్పుడు తెలిసిందా?

ఈ వైద్యం వెనక పెద్ద కథే ఉన్నది. 1950లలో స్వీడన్ దేశపు వైద్యుడు వెస్టిన్, ఆయన తోటివారు ఊపిరి తీయని శిశువులను చల్లని నీటిలో ఉంచి చూశారు. కొందరు బతికారు కూడా. కాని సరిపోల్చి చూడడానికి చల్లబెట్టని బిడ్డల లెక్క లేదు. ఇంతలో సిల్వర్‌మన్ పరీక్ష వచ్చింది. చలి పసివాళ్ళకు శత్రువని తేలింది. చల్లబెట్టడం మూలబడింది.

చాలా కాలం తరవాత, 1997లో, న్యూజీలాండులో గన్, గ్లక్‌మన్ అనే శాస్త్రజ్ఞులు, వారి తోటివారు కడుపులో ఉన్న గొర్రెపిల్లల మీద పరీక్షలు చేసి, మెదడును చల్లబరిస్తే దెబ్బ తగ్గుతుందని చూపారు. 2005లో అమెరికాలో డాక్టర్ సీతా శంకరన్ నాయకత్వాన 208 మంది శిశువుల మీద జరిగిన పరీక్ష ఫలితం బయటికి వచ్చింది. ఎవరిని చల్లబెట్టాలో చీట్లు వేసినట్టు నిర్ణయించారు. మామూలు వైద్యం పొందినవారిలో నూటికి 62 మంది చనిపోవడమో, ఓ మోస్తరు లేదా తీవ్రమైన లోపంతో మిగలడమో జరిగింది. చల్లబెట్టినవారిలో ఆ సంఖ్య నూటికి 44. అందరినీ కాపాడలేకపోయినా, ఇది చాలా పెద్ద తేడా. అటు తరవాత చాలా దేశాలలో ఇది మామూలు వైద్యమయిపోయింది.

మన దేశంలో పరికరాలు ఖరీదని కొందరు ఇంకో ఉపాయం వాడారు. వేలూరు క్రిస్టియన్ మెడికల్ కాలేజీలో, మైనంలాగా గడ్డకట్టి కరిగే ఒక పదార్థం నింపిన పరుపును ఉపయోగించారు. దాని రహస్యం మీ ఇంట్లోనే చూడవచ్చు. చలికాలంలో కొబ్బరినూనె సీసాలో గడ్డకడుతుంది గదా! దాన్ని వెచ్చనిచోట పెడితే కరుగుతుంది. కరుగుతున్నంతసేపూ అది వేడిని పీల్చుకుంటుంది, అయినా దాని ఉష్ణోగ్రత ఇంచుమించు పెరగదు. ఆ పరుపూ అంతే. బిడ్డ ఒంటి వేడిని పీల్చుకుని, తాను మాత్రం ఒకే చల్లదనంలో ఉంటుంది. అక్కడ 50 మంది శిశువుల మీద చేసిన పరీక్ష 2020లో అచ్చయింది. చల్లబెట్టిన బిడ్డల మెదడు చిత్రాలలో దెబ్బ తక్కువగా కనిపించింది.

కథ ఇక్కడ ముగిస్తే బాగానే ఉండేది. కాని నీకు నిజమంతా చెప్పాలి.

2015 నుంచి 2019 దాకా చెన్నై, బెంగుళూరు, ముంబై నగరాలలోనూ, శ్రీలంకలోనూ, బంగ్లాదేశ్‌లోనూ ఉన్న పెద్ద ఆసుపత్రులలో 408 మంది శిశువుల మీద ఇంకొక పరీక్ష జరిగింది. దాని పేరు "హెలిక్స్". 2021లో ఫలితం వెల్లడించారు. చల్లబెట్టడం వల్ల అక్కడ మేలు కనిపించలేదు. పైగా చల్లబెట్టినవారిలో నూటికి 42 మందీ, చల్లబెట్టనివారిలో నూటికి 31 మందీ చనిపోయారు. ఆ పరీక్ష చేసినవారు, మన ప్రాంతాలలో ఈ వైద్యం వద్దన్నారు. మరికొందరు వైద్యులు, అన్ని వసతులూ ఉన్నచోట, బిడ్డను జాగ్రత్తగా ఎంపిక చేసి ఇవ్వవచ్చునన్నారు.

ఒకే వైద్యం ఒకచోట మేలు, ఇంకొకచోట కీడు చేయడమేమిటి? కొందరు బిడ్డలకు దెబ్బ కాన్పుకు చాలా ముందే తగిలి, ఆ ఆరు గంటల వ్యవధి దాటిపోయి ఉండవచ్చునని ఒక ఊహ. ఇంకా వేరే కారణాలు కూడా వెతుకుతున్నారు.

ఇప్పుడు మీ నాయనమ్మ ప్రశ్న మళ్ళీ గుర్తు చేసుకో. "పసిగుడ్డుకు చలి మంచిదా?" అని ఆమె అడిగింది. 408 మంది బిడ్డలతో, మూడు దేశాలలో అడిగిందీ ఆ ప్రశ్నే! కాబట్టి ఆమె తెలియక ఏడ్చిందని ఎవరూ అనకూడదు.

మరి మీ నాన్న? ఆ రాత్రి ఆయన ముందు ఉన్నది ఆరు గంటలు మాత్రమే. బిడ్డను చూసిన వైద్యులు తమకు తెలిసినది చెప్పారు, ఆయన నమ్మి సంతకం పెట్టాడు. ప్రేమతో వెచ్చగా ఉంచమన్నది నాయనమ్మ, అదే ప్రేమతో సంతకం చేసింది నాన్న. ఇంకొక మాట కూడా జ్ఞాపకం పెట్టుకో. లెక్కలు వందలమందిని గురించి చెబుతాయి గాని, ఒక్క బిడ్డను చల్లబెట్టకపోతే ఏమయ్యేదో ఏ లెక్కా చెప్పదు. ఇద్దరిలో ఎవరిది తప్పని అడగడంలో అర్థం లేదు.

ఇక మీ తమ్ముడి సంగతి. డాక్టర్లు రమ్మన్న తేదీలకు తప్పకుండా తీసుకుపొమ్మని అమ్మా నాన్నలతో చెప్పు. మెడ ఎప్పుడు నిలిపాడు, శబ్దం వస్తే తల తిప్పుతాడా, రెండు చేతులూ సమంగా ఆడిస్తాడా, ఇవన్నీ నువ్వు ఒక పుస్తకంలో తేదీ వేసి రాస్తూ ఉండు. ఏదైనా వెనకబాటు ఉంటే ఎంత త్వరగా తెలిస్తే అంత మేలు. వాడితో రోజూ మాట్లాడు, పాటలు పాడు. ఆ పని అక్క బాగా చేయగలదు.

తల్లిదండ్రులకు రెండు మాటలు. ఈ వైద్యం ఆసుపత్రిలోనే జరగాలి. ఇంట్లో ఏ బిడ్డనూ, ఏ కారణం చేతనూ చల్లబెట్టరాదు. అంతకంటే ముఖ్యం, దెబ్బ తగలకుండా చూడడం. నెలనెలా పరీక్షలు చేయించుకోవడం, నొప్పులు రాగానే ఆలస్యం లేకుండా 108కి ఫోను చేసి ఆసుపత్రికి చేరడం మంచిది. పుట్టిన బిడ్డ ఏడవకపోతే, మొదటి నిమిషంలోనే తుడిచి, వీపు రుద్ది, అవసరమైతే చిన్న సంచీతో ఊపిరి అందించగలవారు పక్కన ఉండాలి. చాలామంది బిడ్డలు ఆ ఒక్క నిమిషంలోనే తేరుకుంటారు.

అమ్మాయీ, ఈ పేజీని ఈ సాయంకాలం నాయనమ్మకు చదివి వినిపించు. నాన్న డ్యూటీ నుంచి వచ్చేదాకా ఆగి, ఆయన కూడా ఉన్నప్పుడు చదువు. తరవాత ఏమయిందో మాకు రాయి.