యూదుల పాట, తెలుగుల బాధ్యత

ఓరుగంటివారికి యూదుల పాటతో నేమి పనియని పాఠకులు కొందఱడుగవచ్చును. పని కలదు. యూదులను హింసింపని దేశము మనదని తఱచుగా చెప్పుకొందుము. అది చాలవఱకు నిజమే. కాని యొకనిని బాధింపకుండుట వేఱు, వాని పాటను చెవియొగ్గి వినుట వేఱు. మొదటిదానితో తృప్తిపడి రెండవదానిని మఱచితిమని మా యభియోగము.

కొచ్చి యూదులను జూడుడు. వారి స్త్రీలు పెండ్లిపాటలను, పండుగపాటలను మలయాళముననే పాడుకొని, చేతివ్రాత పుస్తకములలో భద్రపఱచిరి. 1948లో ఇజ్రాయేలు రాజ్యమేర్పడిన పిమ్మట వారిలో ననేకులు అచటికి తరలిపోయిరి. మలయాళ పండితులు కొందఱు తోడ్పడిరి గాని, 2004లో ఆ పాటలను ధ్వనిముద్రికగా వెలువరించినది యెరూషలేములోని హీబ్రూ విశ్వవిద్యాలయము. పాట నిలిచినది, పుట్టిన వీథిలో పాడువారు కఱవైరి.

తెలుగునాటను యూదసంఘమొకటి కలదు. గుంటూరు జిల్లా చేబ్రోలు చెంతనున్న కొత్తరెడ్డిపాలెములోని బెనె ఎఫ్రాయిమువారు మాదిగ కుటుంబములవారు. క్రైస్తవమును వీడి, 1990 ప్రాంతమున ప్రార్థనామందిరము నెలకొల్పుకొని, యూదాచారముల నవలంబించుచున్నారు. పెక్కురు వ్యవసాయ కూలీలు. ఎఫ్రాయిము గోత్రజులమను వారి మాటను పండితులు విచారింతురు గాక. పాట వినుటకు వంశవృక్షమును సాక్ష్యముగా నడుగ బనిలేదు. వారినిగూర్చి 2013లో విలువైన గ్రంథమొకటి వెలువడినది, అదియు నాంగ్లముననే. హీబ్రూ నేర్చుచు తెలుగును విడువకుండుట వారి చేతిలోనిది. ఆ తెలుగు ప్రార్థనను గౌరవముతో వినుట మన చేతిలోనిది.

ఆ మాదిగ కులము నాశ్రయించి బ్రతికిన కళయే మన చిందు యక్షగానము. జనగామ ప్రాంతపు చిందు కళాకారులు గడ్డం సమ్మయ్యగారికి 2024లో పద్మశ్రీ లభించినది. సంతోషమే. కాని బిరుదు పాటను నిలుపజాలదు. నేర్చువారు, వ్రాసికొనువారు, వినువారు నిలుపవలెను.

ఓరుగంటనే తెలుగు విశ్వవిద్యాలయపు జానపద గిరిజన విజ్ఞానపీఠము కలదు. ఆ పీఠమువారు చిందువారి యూళ్లకే గాక, అచటివారు సమ్మతించినచో, కొత్తరెడ్డిపాలెమునకును ధ్వనిముద్రణ యంత్రముతో బోవలెనని కోరుచున్నాము. 2014లో రాష్ట్రములు రెండైనవి గాని పాటకు పొలిమేరరాళ్లు నాటబడలేదు. వృద్ధులు పాడగలిగియున్నప్పుడే యీ పని జరుగవలెను. ఆగిపోయిన గొంతును వ్యాజ్యమువేసి తిరిగి తెచ్చుకొనుటకు న్యాయస్థానము లేదు.