పునాది ఒకరిది.. పూర్తి ఒకరిది!

చార్మినార్ పక్కనే ఉన్న మక్కా మసీదుకు 1617లో పునాది వేయించింది సుల్తాన్ మహమ్మద్ కుతుబ్‌షా. పూర్తిచేయించింది మాత్రం ఆయన వంశంవాళ్లు కాదు, ఆ వంశం పాలనకు ముగింపు పలికిన ఔరంగజేబు!

ఓడినవాడి ఊరు గెలిచినవాడి చేతికి చిక్కితే ఏమవుతుంది? రోమన్ల సంగతే చూడండి. మధ్యధరా సముద్రంపై పెత్తనం కోసం కార్తేజ్‌తో వాళ్లు క్రీ.పూ.264 నుంచి 146 మధ్య మూడు యుద్ధాలు చేశారు. రెండో యుద్ధంలో హానిబాల్ ఏనుగులతో ఆల్ప్స్ పర్వతాలు దాటొచ్చి రోమ్‌ను గడగడలాడించాడు. ఆ భయం రోమన్లను వదల్లేదు. మూడోసారి కార్తేజ్‌ను దాదాపు మూడేళ్లు ముట్టడించి, తగలబెట్టి, బతికినవాళ్లను బానిసలుగా అమ్మేశారు. ఆ నేలలో ఉప్పు చల్లారన్నది మాత్రం చాలా కాలం తర్వాత పుట్టిన కథే! అక్కడ మళ్లీ నగరం లేవడానికి వందేళ్లకు పైగా పట్టింది.

హైదరాబాద్‌కూ గండం తప్పలేదు. 1685లో మొఘల్ సేనలు నగరాన్ని దోచుకున్నాయి. 1687లో ఎనిమిది నెలల ముట్టడి తర్వాత గోల్కొండ కోట పడిపోయింది.. అదీ లోపలివాళ్లే తలుపు తీస్తే! చివరి సుల్తాన్ తానీషా దౌలతాబాద్ కోటలో బందీగానే కన్నుమూశాడు. అయినా, 1591లో కట్టిన చార్మినార్ చెక్కుచెదరలేదు. మధ్యలో ఉన్న మసీదు పని 1694లో పూర్తయింది.

కార్తేజ్‌లో ఇప్పుడు కనిపించే శిథిలాల్లో చాలావరకు రోమన్లు తర్వాత కట్టుకున్నవే. పాతబస్తీలో మాత్రం ఓడినవాళ్లు మొదలుపెట్టిన పనీ, గెలిచినవాళ్లు ముగించిన పనీ ఒకే కప్పు కింద కనిపిస్తాయి. శుక్రవారం నమాజు ఇప్పటికీ అక్కడే!